దారిపక్క వారసత్వం: తెలుగు రాష్ట్రాల్లో చారిత్రక చిహ్నాలు, వాటి పరిరక్షణ

దారిన పోయేవారి కంటపడేలా, లేదా రోడ్డు దిగి నాలుగడుగులు వేస్తే చేరుకునేలా ఉండి, ఆ ప్రాంతపు చరిత్రను, నమ్మకాలను, పనితనాన్ని గుర్తుచేసే కట్టడాలు, శిలలు, చెట్లు, విగ్రహాలు, అంగళ్ళను కలిపి దారిపక్క వారసత్వం అనవచ్చు. లేపాక్షి బసవన్న, కర్నూలు కొండారెడ్డి బురుజు, మహబూబ్‌నగర్ పిల్లలమర్రి, పల్నాటి కారంపూడిలోని వీరుల గుడి, ఇంద్రవెల్లి స్తూపం ఈ కోవలోవి. కొన్నిటికి కేంద్ర పురావస్తు శాఖ కాపలా ఉంది, కొన్నిటికి రాష్ట్ర ప్రభుత్వ రక్షణ ఉంది. ఎక్కువ భాగానికి ఊరివాళ్ళ పట్టింపే రక్ష.

నిర్వచనం, పరిధి

ఈ వ్యాసంలో ‘చిహ్నం’ అనే మాట మూడు రకాల వాటికి వర్తిస్తుంది. ఒకటి, పాతకాలం నుంచి నిలిచివున్నవి: కోటలు, దిగుడు బావులు, వీరగల్లులు, శాసనాలు. రెండు, జరిగిన సంగతిని మరిచిపోకుండా తరవాతివారు నిలిపినవి: స్తూపాలు, విగ్రహాలు, గడియార స్తంభాలు. మూడు, వయసుతో పని లేకుండా ఆ ఊరి పేరుతో పెనవేసుకుపోయి, బస్సు ఆగగానే జనం దిగి చూసేవి, కొనేవి.

మూడింటినీ ఒక గాటన కట్టేది స్థలంతో ఉన్న ముడి. అమరావతి శిల్పం లండన్ బ్రిటిష్ మ్యూజియంలో ఉన్నా అమరావతి శిల్పమే, దాని కళావిలువ తరగదు. బొడ్రాయి అలా కాదు. ఊరి నడిబొడ్డు నుంచి పెకలించి మ్యూజియంలో పెడితే అది మామూలు రాయి. అందుకే ఇక్కడ పరిరక్షణ అంటే వస్తువును కాపాడడంతో పాటు, అది ఉన్న చోటునూ దాని చుట్టూ జరిగే వాడుకనూ కాపాడడం కూడా.

చరిత్ర

తెలుగు ఊళ్ళ స్థానిక చరిత్రలను ఒక పద్ధతిగా కూర్చే పని కాలిన్ మెకంజీ (1754–1821) కాలంలో మొదలైంది. ఈస్టిండియా కంపెనీ కొలువులో సర్వేయరుగా వచ్చిన మెకంజీకి కుడిభుజంగా నిలిచినవారు కావలి సోదరులు: వెంకట బొర్రయ్య, వెంకట లక్ష్మయ్య, వెంకట రామస్వామి. వీరూ వీరి సహాయకులూ ఊరూరా తిరిగి కరణాల దగ్గర, గుడి అర్చకుల దగ్గర, వృద్ధుల దగ్గర వివరాలు రాబట్టి రాసినవే కైఫియత్తులు. ఊరికి ఆ పేరెలా వచ్చింది, చెరువు ఎవరు తవ్వించారు, గుడికి మాన్యం ఎవరిచ్చారు వంటి సంగతులు ఇవాళ్టికీ స్థానిక చరిత్రకారులకు అక్కరకొస్తున్నాయి. (చూ. కైఫియత్తులు)

అదే కాలంలో జరిగిన నష్టమూ చిన్నది కాదు. 18వ శతాబ్దం చివర వాసిరెడ్డి వెంకటాద్రి నాయుడు అమరావతిలో కొత్త పట్టణం కట్టిస్తున్నప్పుడు దీపాలదిన్నె అని పిలిచే మిట్టలోంచి రాళ్ళు తవ్వితీశారు. ఆ మిట్టే బౌద్ధ మహాస్తూపం. శిల్పాలు చెక్కిన సున్నపురాతి పలకలు కొన్ని కొత్త కట్టడాల్లో కలిసిపోయాయి, కొన్ని సున్నం కోసం బట్టీల పాలయ్యాయి. మెకంజీ 1797లో అక్కడికి వచ్చి, 1816లో మళ్ళీ వచ్చి బొమ్మలు గీయించకపోతే చాలా పలకల రూపం కూడా మిగిలేది కాదు. 1845లో వాల్టర్ ఇలియట్ తవ్వించిన శిల్పాలు మద్రాసుకూ, అక్కణ్ణుంచి లండన్‌కూ చేరాయి. స్తూపం ఉన్న చోట మిగిలింది పునాది వలయం, కొద్దిపాటి పలకలు.

1861లో భారత పురావస్తు సర్వేక్షణ శాఖ ఏర్పడింది. 1878లో నిధినిక్షేపాల చట్టం, కర్జన్ హయాంలో 1904లో ప్రాచీన కట్టడాల సంరక్షణ చట్టం వచ్చాయి. నిజాం రాజ్యంలో 1914లో ప్రత్యేక పురావస్తు శాఖ పెట్టి గులాం యజ్దానీని సంచాలకునిగా నియమించారు. అజంతా మొదలు కాకతీయుల గుళ్ళ దాకా ఆ శాఖ చేసిన మరమ్మతులు, అచ్చువేసిన నివేదికలు నేటికీ ప్రమాణాలు. కోస్తాలో ప్రభుత్వం కన్నా పండితులు ముందున్నారు. రాజమహేంద్రవరంలో 1922లో ఆంధ్ర చారిత్రక పరిశోధక సంఘం ఏర్పడి శాసనాలను వెలికితీసి అచ్చువేసింది. తెలంగాణలో కొమర్రాజు లక్ష్మణరావు పేరిట వెలసిన పరిశోధక మండలి ఆ బాధ్యత తలకెత్తుకుంది.

స్వాతంత్ర్యం తరవాత 1958లో కేంద్ర చట్టం, 1960లో ఆంధ్రప్రదేశ్ ప్రాచీన, చారిత్రక కట్టడాల చట్టం వచ్చాయి. రాష్ట్ర విభజన తరవాత తెలంగాణ 2017లో తన సొంత వారసత్వ చట్టం చేసుకుంది. వారసత్వ పరిరక్షణ కోసం 1984లో మొదలైన ఇంటాక్ స్వచ్ఛంద సంస్థకు రెండు రాష్ట్రాల్లోనూ శాఖలున్నాయి.

రకాలు

నిలువురాళ్ళు, వీరగల్లులు, శాసనాలు

అన్నిటికన్నా పాతవి బృహత్ శిలాయుగపు గుర్తులు. నారాయణపేట జిల్లాలో కృష్ణ ఒడ్డున ముడుమాల్ దగ్గర మనిషికి రెండింతల ఎత్తున్న నిలువురాళ్ళు పొలాల మధ్య నిలబడి ఉన్నాయి. ఊరివాళ్ళు వాటిని నిలువురాళ్ళ తిమ్మప్పగా కొలుస్తారు. ఒక రాతిని ఎల్లమ్మగా పూజిస్తారు. పరిశోధకులు శ్మశానపు గుర్తులనీ, ఋతువుల రాకను కనిపెట్టేందుకు నిలిపిన రాళ్ళనీ అంటారు. రెండు దృష్టులూ ఆ రాళ్ళకు మేలే చేశాయి. మొక్కు ఉన్న రాతిని రైతు నాగలికి అడ్డమని పీకి పారెయ్యడు.

పోరులో, పశువులను తోలుకుపోయే దొంగలతో తలపడడంలో, క్రూరమృగాల నోట పడి చనిపోయినవారి కోసం నిలిపిన వీరగల్లులు రాయలసీమ, తెలంగాణ, పల్నాడు పల్లెల్లో విరివిగా కనిపిస్తాయి. కత్తి పట్టిన మనిషి, పక్కన గుర్రమో కుక్కో, పైన సూర్యచంద్రులు ఉంటారు. చాలా ఊళ్ళలో వీటికి పసుపుకుంకుమలు పెట్టి దేవుళ్ళుగా కొలుస్తారు. అవి ఎవరి కోసం నిలిపినవో మరిచిపోయినా రాయి మిగిలింది.

పల్నాడులో మాత్రం పేర్లు కూడా మిగిలాయి. 12వ శతాబ్దపు పల్నాటి యుద్ధం జరిగిన కారంపూడిలో, నాగులేటి పక్కన, ఏటా కార్తీక మాసంలో అయిదు రోజుల పాటు వీరుల ఉత్సవం చేస్తారు. రాచగావు, రాయబారం, మందపోరు, కోడిపోరు, కళ్ళిపాడు: ఒక్కో రోజు కథలో ఒక్కో ఘట్టం. వీరాచారవంతులు తమ ఇళ్ళలో తరతరాలుగా దాచుకున్న కొణతాలనే ఆయుధాలను ఊరేగింపుగా తెచ్చి వీరుల గుడిలో పెడతారు. మందపోరు నాడు, పల్నాటి యుద్ధ నాయకుల్లో ఒకడైన బ్రహ్మనాయుడు కులాల హద్దు చెరిపి అందరినీ ఒకే పంక్తిన కూచోబెట్టిన చాపకూడును మళ్ళీ వడ్డిస్తారు. గుడి, ఏరు, ఆయుధం, కథ, అన్నం ఒకచోట కలిసి నిలిచిన ఇలాంటి ఉదాహరణలు తెలుగునాట అరుదు. (చూ. పల్నాటి వీరచరిత్ర)

శాసనాల్లో కరీంనగర్ జిల్లా గంగాధర మండలం కురిక్యాల దగ్గరి బొమ్మలగుట్ట ప్రత్యేకం. పంపకవి తమ్ముడు జినవల్లభుడు 10వ శతాబ్దంలో గుట్ట మీది బండకు చెక్కించిన శాసనంలో తెలుగు కందపద్యాలున్నాయి. 2008లో తెలుగుకు ప్రాచీన భాష హోదా దక్కడంలో ఈ శాసనం సాక్ష్యంగా నిలిచింది. అదే గుట్టను గ్రానైటు క్వారీలు చుట్టుముట్టినప్పుడు చరిత్రకారులు, భాషాభిమానులు అడ్డం పడాల్సివచ్చింది. భాష వయసు చెప్పే రాయి వంటింటి గట్టు పలకలుగా కోతకు పోయే ప్రమాదం దాకా వచ్చిందంటే, అది ఎక్కడుందో ఏమిటో ఆ దారిన తిరిగేవారికి తెలియకపోవడమే పెద్ద కారణం.

నీటి కట్టడాలు

దిగుడు బావులు, మెట్ల బావులు, కోనేర్లు, ఆనకట్టలు ఈ వర్గంలోవి. వీటికో సుగుణం ఉంది: బాగుచేస్తే మళ్ళీ పనికొస్తాయి. సికింద్రాబాద్ బన్సీలాల్‌పేటలోని మెట్లబావి దశాబ్దాల పాటు చెత్తకుప్ప కింద కూరుకుపోయింది. నగరపాలక సంస్థ, స్వచ్ఛంద సంస్థలు కలిసి చెత్త, మట్టి తోడిపోస్తే అడుగున ఊట కనిపించింది. 2022 డిసెంబరులో బావిని ప్రజల కోసం తెరిచారు. అదే ఏడాది గోల్కొండ దగ్గర కుతుబ్‌షాహీ సమాధుల ఆవరణలోని బావుల పునరుద్ధరణకు యునెస్కో ఆసియా–పసిఫిక్ వారసత్వ పురస్కారాల్లో విశిష్టత పురస్కారం దక్కింది. కామారెడ్డి జిల్లా దోమకొండ కోటకూ ఆ ఏడాదే ప్రతిభా పురస్కారం వచ్చింది.

గోదావరి డెల్టాలో దారిపక్క జ్ఞాపకం మరో రూపంలో ఉంది. 1847–1852 మధ్య ధవళేశ్వరం ఆనకట్ట కట్టించిన సర్ ఆర్థర్ కాటన్ విగ్రహాలు ఉభయగోదావరి జిల్లాల ఊళ్ళలో, కాలువగట్ల మీద కనిపిస్తాయి. ఏటా మే 15న కాటన్ జయంతి నాడు రైతులు వాటికి దండలు వేస్తారు. పరాయి పాలకుల ఇంజినీరుకు ఊరూరా విగ్రహాలుండడం అరుదు. లంకల గన్నవరం దగ్గర వైనతేయ పాయ మీది అక్విడక్టుకు, వేళ కాని వేళ ఎవరొచ్చినా అన్నం పెట్టిన డొక్కా సీతమ్మ (1841–1909) పేరు పెట్టారు. ఆ దారిన వెళ్ళేవారు కింద నదిని, పైన కాలువను, బోర్డు మీద ఆమె పేరును ఒకేసారి చూస్తారు.

కోటలు, బురుజులు, గడియార స్తంభాలు

కర్నూలు నడిబొడ్డున ఉన్న కొండారెడ్డి బురుజు 16వ శతాబ్దపు విజయనగర కాలపు కోటలో మిగిలిన భాగం. ఆలంపురం ప్రభువు కొండారెడ్డిని ఇందులో బంధించారని, అందుకే ఆ పేరు వచ్చిందని చెబుతారు. కర్నూలువారికి అది ఊరి గుర్తు. 2003లో వచ్చిన ‘ఒక్కడు’ సినిమాతో కర్నూలు ఎన్నడూ చూడనివారికి కూడా ఆ బురుజు తెలిసిపోయింది. సినిమా ఇచ్చిన ఈ రెండో జీవితాన్ని పరిరక్షణ లెక్కల్లోంచి తీసెయ్యకూడదు. ఒక కట్టడాన్ని పేరుపెట్టి గుర్తుపట్టేవాళ్ళు పెరిగేకొద్దీ దాని మీద చెయ్యి వెయ్యడం కష్టమవుతుంది.

సికింద్రాబాద్‌లో 1897లో మొదలైన గడియార స్తంభం, అనంతపురం వంటి పట్టణాల నడిబొడ్డున ఉన్న స్తంభాలు పట్టణ ప్రజల కూడలి గుర్తులు. ‘టవర్ క్లాక్ దగ్గర దిగండి’ అని కండక్టరు చెప్పినంత కాలం వాటి పేరు చెరిగిపోదు.

పోరాట స్మారకాలు

తెలంగాణ పల్లెల్లో రోడ్డు పక్కన ఎర్ర స్తూపాలు సాధారణ దృశ్యం. 1946 జులై 4న కడివెండిలో దొడ్డి కొమరయ్య నేలకొరగడంతో తెలంగాణ సాయుధ పోరాటం రాజుకుంది. ఇప్పటి సిద్దిపేట జిల్లాలోని బైరాన్‌పల్లిలో స్తూపం కన్నా బురుజే పెద్ద స్మారకం. రజాకార్ల దాడులను కాచుకోవడానికి ఊరివాళ్ళు పాత బురుజు మీద కాపలా పెట్టి, నగారా మోగించి ఊరిని హెచ్చరించేవారు. 1948 ఆగస్టు 27న జరిగిన దాడిలో దాదాపు వందమంది ప్రాణాలు పోయాయి. పోలీసు చర్యకు అప్పటికి మూడు వారాలు కూడా లేవు. ఆ బురుజు నేటికీ ఊళ్ళో ఉంది. ఊరి కాపలాకు కట్టిన నిర్మాణం ఊరి త్యాగానికి గుర్తుగా మారిన తీరు ఇక్కడ కళ్ళకు కడుతుంది.

ఆదిలాబాద్ జిల్లా ఇంద్రవెల్లిలో 1981 ఏప్రిల్ 20న గోండు ఆదివాసీల సభపై పోలీసు కాల్పులు జరిగాయి. ఆ కాల్పుల్లో చనిపోయినవారి జ్ఞాపకార్థం నిలిపిన స్తూపాన్ని 1986లో కూల్చేశారు. ఆ మరుసటి ఏడాది మళ్ళీ కట్టారు. ఏళ్ళ తరబడి ఏప్రిల్ 20న అక్కడికి వెళ్ళడం మీద ఆంక్షలుండేవి. స్మారకానికి ప్రభుత్వం ఎప్పుడూ రక్షకుడే అనుకోవడానికి వీల్లేదని ఈ స్తూపం చరిత్ర చెబుతుంది. హైదరాబాద్ గన్‌పార్కులో 1969 తెలంగాణ ఉద్యమ అమరుల కోసం ఎక్కా యాదగిరిరావు మలిచిన స్తూపం 1970లలో పూర్తయింది. రాష్ట్ర సాధన ఉద్యమంలో ఎన్నో ఊరేగింపులు దాన్ని తాకే వెళ్ళాయి.

ఉత్తరాంధ్రలో 1757 నాటి బొబ్బిలి యుద్ధ స్తంభం, కృష్ణదేవిపేటలో అల్లూరి సీతారామరాజు సమాధి ఈ వర్గంలోనివే. భీమవరంలో 30 అడుగుల అల్లూరి కంచు విగ్రహాన్ని 2022 జులై 4న ప్రధాని ఆవిష్కరించారు.

చెట్లు, బండలు

శ్రీసత్యసాయి జిల్లా కదిరి ప్రాంతంలోని తిమ్మమ్మ మర్రిమాను 1989లో గిన్నిస్ పుస్తకంలోకెక్కింది. ఊడలు దిగి దిగి, అసలు మాను ఏదో పోల్చుకోలేనంతగా ఎకరాల కొద్దీ పరుచుకుంది. భర్తతో సహగమనం చేసిన తిమ్మమ్మ చితి గుంజే చిగురించి మర్రి అయిందని స్థలపురాణం. సంతానం కోసం మొక్కుకునేవారు నేటికీ వస్తారు.

మహబూబ్‌నగర్ పిల్లలమర్రి కథ పరిరక్షకులకు పాఠం. పురుగు తొలిచి కొమ్మలు విరిగిపడడంతో 2017 డిసెంబరులో సందర్శకులను ఆపేశారు. ఆసుపత్రిలో రోగికి సెలైన్ ఎక్కించినట్టే సీసాలు వేలాడదీసి, పురుగుమందును బొట్టుబొట్టుగా మాను లోపలికి ఎక్కించారు. ఊడలు నేలలో పాతుకునేలా గొట్టాలు అమర్చారు, బరువైన కొమ్మలకు ఊతాలు పెట్టారు. సందర్శకులు తొక్కీ తొక్కీ నేల గట్టిపడిపోవడం, కొమ్మల మీద ఎక్కి ఊగడం కూడా చెట్టు బలహీనపడడానికి కారణాలే. మెచ్చి వచ్చేవాళ్ళ వల్ల కూడా చేటు జరగవచ్చునన్నది ఆ చెట్టు చెప్పిన సంగతి.

హైదరాబాద్ చుట్టుపక్కల సుమారు 250 కోట్ల ఏళ్ళ వయసున్న గ్రానైటు బండల కోసం 1996 నుంచి రాళ్ళ పరిరక్షణ సంఘం పనిచేస్తోంది.

చేతిపనులు, తినుబండారాలు

హైదరాబాద్ నుంచి వరంగల్ వెళ్ళే దారిలో జనగామకు కాస్త ముందు పెంబర్తి వస్తుంది. ఇత్తడి రేకును సుత్తీ ఉలీతో కొట్టి బొమ్మలు తీర్చే విశ్వకర్మ కుటుంబాలు అక్కడ రోడ్డు పక్కనే అంగళ్ళు నడుపుతున్నాయి. కాకతీయుల కాలపు రథాలకు, ధ్వజస్తంభాలకు తొడుగులు చేసిన పనితనం ఇప్పుడు జ్ఞాపికల రూపంలో బతుకుతోంది. హైదరాబాద్–నాగపూర్ దారిలో నిర్మల్ బొమ్మలు, విజయవాడ పక్కన కొండపల్లి బొమ్మలు, రావులపాలెం పరిసరాల్లో ఆత్రేయపురం పూతరేకులు కూడా దారి మీది గిరాకీతో నిలదొక్కుకున్నవే. పూతరేకులకు 2023లో భౌగోళిక గుర్తింపు వచ్చింది. బోర్లించిన కుండ కింద మంట పెట్టి, పల్చని బియ్యప్పిండి జావలో ముంచిన గుడ్డను దాని మీద ఒక్క విసురున లాగి తీసే రేకు చూడడానికే కొందరు బండి ఆపుతారు. జాతీయ రహదారికి బైపాస్ పడితే ముందు దెబ్బ తినేవి ఇలాంటి అంగళ్ళే.

ఒక దారి: కడప నుంచి రేణిగుంట

ఈ వర్గాలన్నీ ఒకే దారిలో ఎలా కలిసి ఉంటాయో చూడడానికి కడప–రేణిగుంట రోడ్డు మంచి ఉదాహరణ. కడపలో తెలుగు నిఘంటుకర్త సి.పి. బ్రౌన్ నివసించిన బంగళా స్థలంలో జానుమద్ది హనుమచ్ఛాస్త్రి పట్టుదలతో బ్రౌన్ గ్రంథాలయం వెలిసింది. శిథిలాలు మిగిలిన చోట ఇప్పుడు భాషా పరిశోధన కేంద్రం ఉంది.

అక్కణ్ణుంచి పాతిక కిలోమీటర్ల దూరంలో ఒంటిమిట్ట కోదండరామాలయం రోడ్డు మీదికే కనిపిస్తుంది. 1652లో ఈ దారిన వెళ్ళిన ఫ్రెంచి వజ్రాల వర్తకుడు తావెర్నియే ఆ గుడి ఘనతను తన యాత్రా గ్రంథంలో మెచ్చుకున్నాడు. 20వ శతాబ్దం నాటికి గుడి ఆలనాపాలనా లేక దెబ్బతింది. ఆంధ్ర వాల్మీకిగా పేరుపొందిన వావిలికొలను సుబ్బారావు (1863–1936) దాన్ని బాగుచేయించడానికి చేతబట్టింది ఒక టెంకాయ చిప్ప. ఊరూరా తిరిగి ఆ చిప్పలో పడిన చందాలతో జీర్ణోద్ధరణ చేయించారు. ఆ చిప్ప మీద శతకమే రాశారు. ట్రస్టు, ప్రాజెక్టు వంటి మాటలు వాడుకలో లేని రోజుల్లో వారసత్వ పరిరక్షణకు నిధులు ఎలా పోగయ్యేవో ఇంతకన్నా సూటిగా చెప్పే వస్తువు దొరకదు. రాష్ట్ర విభజన తరవాత శ్రీరామనవమి కల్యాణాన్ని ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ఇక్కడ అధికారికంగా జరుపుతోంది.

దారికి కాస్త ఎడంగా పెన్న ఒడ్డున సిద్ధవటం కోట, ముందుకెళితే చెయ్యేటి పక్కన నందలూరు సౌమ్యనాథాలయం వస్తాయి. రాజంపేట సమీపంలో, అన్నమయ్య పుట్టిన తాళ్ళపాకకు మళ్ళే చోట, 108 అడుగుల అన్నమయ్య విగ్రహం నిలబడి ఉంది. ఇది ఇటీవలిది, పురావస్తు విలువ లేనిది. అయినా ఆ విగ్రహం లేకపోతే పక్కనే తాళ్ళపాక ఉందన్న సంగతి తెలియకుండానే తిరుపతి బస్సులు దాటిపోయేవి. కొత్త ఆకర్షణ పాత ఊరికి దారి చూపించడం ఇక్కడ జరిగింది.

పరిరక్షణ జరిగే తీరు

చట్టం. దేశం మొత్తమ్మీద కేంద్ర రక్షణలో ఉన్న కట్టడాలు 3,600 పైచిలుకు. తెలంగాణలో వాటి సంఖ్య ఎనిమిదే. ఆంధ్రప్రదేశ్‌లో వందకు మించి ఉన్నాయి. 1958 కేంద్ర చట్టానికి 2010లో చేసిన సవరణ ప్రకారం కేంద్ర రక్షిత కట్టడానికి 100 మీటర్ల లోపు కొత్త నిర్మాణం నిషిద్ధం. ఆపైన మరో 200 మీటర్ల దాకా అనుమతి తప్పనిసరి. రాష్ట్ర చట్టాల కింద మరికొన్ని వందల చోట్లు రక్షితాలు. వీరగల్లు, రచ్చబండ, బొడ్రాయి, ఊరి బురుజు చాలావరకు ఈ జాబితాల్లో దేనిలోనూ ఉండవు.

మరమ్మతు. పాత కట్టడాల్లో వాడింది డంగుసున్నం. సున్నం, ఇసుక గానుగలో రుబ్బి, కరక్కాయ నీళ్ళు, బెల్లం వంటివి కలిపేవారు. ఇది తేమను పీల్చి వదులుతుంది. దాని మీద సిమెంటు పూస్తే తేమ లోపలే చిక్కుకుని, ఉప్పు పేరుకుని రాయి పెచ్చులూడుతుంది. గుళ్ళలో శిల్పాల మీద ఎనామిల్ రంగులు పులమడం, ఇసుకను వేగంగా చిమ్మి రాయిని ‘శుభ్రం’ చెయ్యడం కూడా ఇలాంటి చేటే. ఇసుక తాకిడికి పైపొర లేచిపోయి శాసనాల అక్షరాలు అరిగిపోతాయి. భక్తితో చేసిన పని కాబట్టి దీన్ని ఆపమని చెప్పడం అధికారులకు కష్టం. పూజారులకూ ధర్మకర్తలకూ ముందుగానే తెలియజెప్పడం ఒక్కటే మార్గం.

తరలింపు. ముంపు తప్పనప్పుడు కట్టడాన్నే మోసుకుపోయిన సందర్భాలున్నాయి. నాగార్జునకొండ బౌద్ధ క్షేత్రం 1926లో వెలుగులోకి వచ్చింది. దాన్ని ముంచిన సాగర్ ఆనకట్టకు 1955లో శంకుస్థాపన జరగడానికి ఏడాది ముందే మొదలైన తవ్వకాలు 1960 దాకా సాగాయి. ముఖ్యమైన నిర్మాణాలను కొండ మీదికీ, ఒడ్డునున్న అనుపుకూ తరలించి మళ్ళీ పేర్చారు. ద్వీపంగా మారిన ఆ కొండ మీద మ్యూజియం 1966లో తెరిచారు. శ్రీశైలం జలాశయం వచ్చినప్పుడు కూడవెల్లి సంగమేశ్వరాలయాన్ని రాయి రాయికీ అంకె వేసి విప్పి ఆలంపురంలో నిలబెట్టారు. శిల్పం దక్కింది. కృష్ణాతుంగభద్రల సంగమం పక్కన ఉండాల్సిన గుడికి ఆ సంగమం దూరమైంది.

నమోదు. పై మూడింటికీ ముందు జరగాల్సింది ఇదే. కొత్త తెలంగాణ చరిత్ర బృందం సభ్యులు, ఆంధ్రప్రదేశ్‌లో ప్లీచ్ ఇండియా ఫౌండేషన్ తరఫున స్థపతి ఈమని శివనాగిరెడ్డి ఊళ్ళు తిరిగి పట్టించుకోని విగ్రహాలు, వీరగల్లులు, శాసనాలు గుర్తించి, వాటిని పీఠం మీద నిలబెట్టి పక్కన వివరం రాసిపెట్టమని గ్రామస్థులను కోరుతున్నారు. ఇందులో ఖర్చు తక్కువ, ఫలితం ఎక్కువ.

ముప్పులు, వివాదాలు

అన్నిటికన్నా పెద్ద ముప్పు దారి నుంచే వస్తోంది. చేవెళ్ళ మీదుగా బీజాపూర్ వైపు వెళ్ళే జాతీయ రహదారికి ఇరువైపులా ఉన్న సుమారు 900 మర్రిచెట్ల వివాదం జాతీయ హరిత ట్రిబ్యునల్ దాకా వెళ్ళింది. ఇరుకు రోడ్డు మీద ప్రమాదాల్లో మనుషులు చనిపోతున్నారన్నది ఒక వాదన. నీడ కోసం పెంచిన పాత మర్రులను మళ్ళీ సంపాదించలేమన్నది మరో వాదన. రెండూ నిజాలే. చెట్లను చోట ఉంచి దారిని పక్కకు మళ్ళించాలన్న సూచన, వేళ్ళతో సహా తరలించాలన్న సూచన రెండూ చర్చకు వచ్చాయి.

నిర్లక్ష్యం రెండోది. 1516లో శ్రీకృష్ణదేవరాయలు కట్టించిన శ్రీకాళహస్తి రాజగోపురం పగుళ్ళిచ్చి 2010 మే 26న కుప్పకూలింది. కొత్త గోపురానికి 2017లో కుంభాభిషేకం చేశారు. విశాఖ–భీమిలి దారి పక్కన తొట్లకొండ మీది మహాస్తూపం 2019 అక్టోబరు వానలకు కూలితే మళ్ళీ పేర్చాల్సివచ్చింది. పాలకుల నిర్ణయాలు మూడోది. హైదరాబాద్ ఇర్రంమంజిల్ భవనాన్ని కూల్చి శాసనసభ కట్టాలన్న మంత్రివర్గ నిర్ణయాన్ని 2019 సెప్టెంబరులో హైకోర్టు కొట్టివేసింది.

పేర్ల మీద తగాదాలు వేరే సంగతి. గుంటూరు జిన్నా టవర్ పేరు మార్చాలన్న డిమాండ్ల మధ్య 2022 ఫిబ్రవరిలో దానికి త్రివర్ణం వేసి, పక్కన జాతీయ జెండా ఎగరేశారు. పేరు అలాగే ఉంది. కట్టడాన్ని కూల్చకుండా, దాని కాలాన్ని చెరిపెయ్యకుండా కొత్త అర్థం జతచేసిన పద్ధతిగా దీన్ని చూడవచ్చు. అందరూ ఒప్పుకుంటారని కాదు.

బొడ్రాయి పునఃప్రతిష్ఠలది ఇంకో తీరు. తెలంగాణ ఊళ్ళలో ఆడబిడ్డలను పిలుచుకుని వైభవంగా జరిపే ఈ వేడుకలో పాతరాయి స్థానంలో కొత్తది పెట్టడం కద్దు. ఆచారం నిలుస్తుంది, పాతరాయి పోతుంది. పాతదాన్ని కొత్తదాని పక్కనే ఉంచితే రెండూ నిలుస్తాయి.

ప్రాముఖ్యం

చదువులో ప్రాంతీయ చరిత్రకు దక్కే చోటు తక్కువ. ఆ లోటును ఈ చిహ్నాలు కొంత పూడుస్తాయి. బైరాన్‌పల్లి బురుజు చూసిన పిల్లవాడికి 1948ని వేరే చెప్పనక్కర లేదు. విశాఖ సముద్రతీరంలో 2002లో మ్యూజియంగా తెరిచిన కురుసుర జలాంతర్గామిలోకి దిగినవారికి నౌకాదళం అంటే ఏమిటో ఒంటికి తెలుస్తుంది. లేపాక్షిలో 27 అడుగుల పొడవు, 15 అడుగుల ఎత్తున ఒకే రాతిలో తొలిచిన బసవన్న ముందు చిన్న అంగళ్ళు, ఆటోలు, కొబ్బరిబొండాల బండ్లు బతుకుతున్నాయి. ఆదాయం చూసిన ఊరు కట్టడాన్ని తనదిగా కాచుకుంటుంది. ఆ ఆదాయం కోసమే కట్టడాన్ని ఆనుకుని గదులు లేపడమూ అక్కడే మొదలవుతుంది.

అంతర్జాతీయ గుర్తింపు

ములుగు జిల్లా పాలంపేటలో 1213లో రేచర్ల రుద్రుడు కట్టించిన రామప్పగుడి 2021 జులైలో ప్రపంచ వారసత్వ జాబితాలో చేరింది. తాత్కాలిక జాబితాలో 2014లో దానితో పాటు వరంగల్ కోట, హనుమకొండ వేయిస్తంభాల గుడి కూడా ఉన్నాయి. నగరం చుట్టుకున్న ఆ రెండు చోట్లూ చివరి ప్రతిపాదనలో లేవు. లేపాక్షి వీరభద్రాలయం, బసవన్న 2022లో, ముడుమాల్ నిలువురాళ్ళు 2025లో తాత్కాలిక జాబితాకెక్కాయి. ముడుమాల్ రాళ్ళ మీద హైదరాబాద్ విశ్వవిద్యాలయ ఆచార్యుడు కె.పి. రావు ఏళ్ళ తరబడి పరిశోధన చేశారు. ఒక రాతి మీద గుంటలుగా తొలిచిన సప్తర్షి మండలాన్ని ఆయన గుర్తించారు. తుది నామినేషన్‌కు పంపాలంటే రాళ్ళున్న పొలాల హద్దులు తేల్చడం, చుట్టూ కంచె, అక్కడికి సరైన దారి, చూసుకునే మనుషులు ముందుగా కావాలి.